ఎడీ చేతిలోని మీట

మిల్లుల ఊరైన బర్న్‌లీ బజారులో వినిఫ్రెడ్ హార్గ్రీవ్స్‌ని సొంత పేరుతో పిలిచేవాళ్లు దాదాపు ఎవరూ మిగల్లేదు. టీవీ సీరియల్లో పబ్బు నడిపే డాలీగా ఏళ్ల తరబడి కనిపించి, ఆవిడ డాలీ అయిపోయింది. "ఏం డాలీ, మీ ఆయన మళ్లీ తాగొచ్చి పడ్డాడట కదా, తలుపు తియ్యకుండా ఉండాల్సింది" అని చేపల కొట్టు ఆవిడ మందలించేది. వినిఫ్రెడ్‌కి అసలు పెళ్లే కాలేదు. అయినా "తీయక ఏం చేస్తానమ్మా, బయట వానాయె" అని జవాబు చెప్పి, చేపముక్క సంచీలో వేసుకుని వచ్చేసేది.

ఆవిడ తల్లీ, అక్క ఎడీ నూలు మిల్లులో నేతగత్తెలు. ఇంట్లో విన్నీ అని పిలుచుకునే వినిఫ్రెడ్‌ని కూడా మగ్గాల దగ్గర నిలబెట్టారు గానీ, ఆ పిల్ల కళ్లు తిరిగి పడిపోవడంలో చూపిన శ్రద్ధ దారాలు ముడివేయడంలో చూపలేదు. చివరికి ఊళ్లోని నాటక కంపెనీలో చేరింది. ఒంటరిగా పంపడం ఇష్టంలేక ఎడీ కూడా మిల్లు మానేసి, తెర పక్కన కూర్చుని, నటులు మరిచిన లైన్లు అందించే ప్రాంప్టరు పనికి కుదిరింది. ఆ తర్వాత మాంచెస్టర్‌లో టీవీ వాళ్లు అక్కచెల్లెళ్లిద్దరినీ తీసుకున్నారు.

అప్పట్లో టీవీ నాటకాలు ఆడుతుండగానే ఇళ్లకు చేరిపోయేవి. తప్పు జరిగితే దిద్దుకోవడం లేదు. నటులు లైను మరిచిపోతే కెమెరా వెనకున్న ప్రాంప్టరు చేతిలోని మీట నొక్కేది. టక్‌మని ఇళ్లకు వెళ్లే శబ్దం ఆగిపోయేది. ఆ మౌనంలో లైను అందించి మీట వదిలేది. ఇళ్లలో చూసేవాళ్లు టీవీ పాడైందనుకుని దాని నెత్తిన ఒకటి చరిచేవాళ్లు. ఎడీ లైను అందించాక, ఎవరికీ వినపడదు కదా అని, ప్రతిసారీ ఒక మాట చేర్చేది: "పదవే మొద్దూ." ఆ మాట వింటే విన్నీకి ఎక్కడలేని ధైర్యం వచ్చేది.

ఒక సాయంత్రం విన్నీ ఒక లైనుకి ముందు, రక్తి కడుతుందని, కావాలనే ఆగింది. పత్రికలు మెచ్చుకోవడం అప్పుడే మొదలైంది, కాస్త తలకెక్కింది కూడా. పాపం ఎడీ, చెల్లెలు మరిచిపోయిందనుకుని మీట నొక్కి లైను చెప్పింది. విన్నీకి ఒళ్లు మండిపోయింది. శబ్దం లేదన్న ధీమాతో, నేరుగా కెమెరా వైపు తిరిగి అనేసింది: "నిన్నడిగానా? పోయి మగ్గం దగ్గర నిలబడు. నీ బతుకు అంతే."

మగ్గాల హోరులో పక్క మనిషి అరిచినా వినపడదు. అందుకే మా ఊరి నేతగత్తెలు పెదాలు చూసి మాట్లాడుకుంటారు. చర్చిలో పాదిరి ప్రసంగం సాగుతుంటే ఆ వరుస నుంచి ఈ వరుసకి ఊరి సంగతులన్నీ చప్పుడు లేకుండా నడిచిపోతాయి. ఆ మగ్గాల మధ్యే పెరిగిన విన్నీ ఈ సంగతి ఎలా మరిచిందో ఇప్పటికీ ఎవరికీ అర్థం కాదు.

వీధిలో టీవీ ఉన్నది మార్తా రిష్టన్ ఇంట్లోనే. మార్తాది మిల్లులో ఎడీ పక్క మగ్గం. ఆ సాయంత్రం ఆ ఇంటినిండా నేతగత్తెలే. ఒక్క అక్షరం వినపడకపోయినా మాట మాటా చదివేశారు. విన్నీ తల్లి చేతిలోని టీ కప్పు కింద పెట్టి, ఎవరి మొహమూ చూడకుండా ఇంటికెళ్లిపోయింది.

ఇద్దరి మధ్యే ఉండిపోయి ఉంటే ఎడీ ఆ మాట మింగేసేది. కానీ శనివారం బజారులో అమ్మలక్కలు, కొందరు జాలిగా, కొందరు వెటకారంగా, పెదాలతోనే "మగ్గం దగ్గర నిలబడు" అని చూపించారు. ఎడీ మళ్లీ స్టూడియోకి వెళ్లలేదు. మోర్‌కాంబ్ ఊళ్లో సముద్రం ఒడ్డున ఒక బసలో వంటకి కుదిరింది.

విన్నీ ఒకసారి అక్కడికి వెళ్లింది. ఎడీ టీ పోసింది, బెల్లం కేకు పెట్టింది, గాలి ఎక్కువగా ఉందంది. క్షమించమనే మాట విన్నీ గొంతుదాకా వచ్చి, కేకుతో పాటే లోపలికి పోయింది. ఆ చలికాలమే దూది దుమ్ము పట్టిన ఊపిరితిత్తులతో ఎడీ చనిపోయింది.

తర్వాత కాలం మారింది. ముందే చిత్రీకరించి తర్వాత చూపించడం వచ్చింది. మీటలు పోయాయి, ప్రాంప్టర్లూ పోయారు. కానీ డాలీ వేషంలో విన్నీ ఎప్పుడు లైను మరిచినా, కెమెరా వెనక టక్ మనేది. అంతే. మాట వచ్చేది కాదు. అక్క అక్కడే ఉంది, మీట మీద వేలుంది, కానీ నోరు విప్పదు. ఆ టక్ తర్వాతి మౌనమంటే విన్నీకి చావుకన్నా భయంగా ఉండేది. తోటి నటులు మాత్రం ఆవిడ మరోసారి తీద్దామంటే ముసలితనం అనుకునేవాళ్లు.

ముసలితనం కూడా నిజమే. సీరియల్ నలభయ్యో ఏటి పండగకి ఒక భాగాన్ని పాత పద్ధతిలో, ఆడుతుండగానే చూపిద్దామని నిర్మాత ఫిలిప్పా తలపెట్టింది.

"విన్నీ, దాచడమెందుకు, నీ జ్ఞాపకశక్తి గురించి పైవాళ్లు అడుగుతున్నారు" అంది. "ఇది గట్టెక్కితే డాలీ ఉంటుంది. లేకపోతే..."

"మెట్ల మీంచి పడి చస్తుందా?"

"నిద్రలో పోతుందిలే. నీమీద గౌరవంతో."

"మహా ఉపకారం తల్లీ" అంది విన్నీ. డాలీ పోతే పోనీ. ఇన్నాళ్లూ మరోసారి తీద్దామని ఆ మౌనం నుంచి పారిపోయింది. ఈసారి పారిపోయే దారి లేదు. అక్క మాట్లాడుతుందో లేదో తేలిపోతుంది.

ఆ రోజు పబ్బు మూతపడే సన్నివేశం. కొడుకు వేషం వేసినవాడు "అయితే అమ్మేస్తావా?" అని అడిగాడు. విన్నీ నోరు తెరిచింది. ఏమీ లేదు. తలంతా ఖాళీ. ఎదుట కెమెరా మీద ఎర్రదీపం వెలుగుతోంది, దేశమంతా చూస్తోంది.

టక్.

విన్నీ కళ్లు మూసుకుంది. చీకట్లో కెమెరా వెనక నుంచి, దగ్గుతో గీరుకుపోయిన గొంతు వినిపించింది. "అమ్మను. తాళం నా దగ్గరే ఉంటుంది." కాస్త ఆగి, ఇంకో మాట. విన్నీ పెదాలు కదిలాయి. మళ్లీ టక్ మంది. అప్పుడు తన గొంతు తనకే వినిపించింది: "అమ్మను. తాళం నా దగ్గరే ఉంటుంది."

సన్నివేశం అయిపోయాక ఫిలిప్పా వచ్చి కౌగిలించుకుంది. "మధ్యలో కాస్సేపు శబ్దం పోయిందట. మావాళ్లకి ఎందుకో అంతుపట్టట్లేదు. మీట అంటూ ఏదీ లేదు కదా ఇక్కడ. నీ తప్పు కాదులే" అంది.

ఆదివారం ఆవిడ బెల్లం కేకు పట్టుకుని బర్న్‌లీ వృద్ధాశ్రమానికి వెళ్లింది. మిల్లులో ఎడీతో పనిచేసిన వాళ్లలో మార్తా ఒక్కతే మిగిలింది. మగ్గాల హోరుకి చెవులు పూర్తిగా పోయాయి. విన్నీని చూడగానే గొంతు వాడకుండా పెదాలతోనే మొదలుపెట్టింది.

"టీవీలో చూశాను. క్షమించవే అక్కా అన్నావు."

"అన్నానా?" విన్నీ కూడా గొంతు వాడలేదు. "అనుకున్నానేమోనని..."

"అన్నావు. కెమెరాకి ఎదురుగానే. అప్పుడెప్పుడో ఆ మగ్గం మాట కూడా కెమెరాకి ఎదురుగానే అన్నావుగా." మార్తా కేకు ముక్క తుంచుకుంది. "ఈ మాటకి ఇంతకాలం పట్టిందేమే?"

విన్నీ ఏడ్చింది. మార్తా ఏడవనిచ్చి, నోట్లోది నమిలి మింగి, ముందుకి వంగింది.

"అదెప్పుడూ కెమెరా వెనకే కదా, దాని పెదాలు నాకు కనపడలేదు. ఎడీ ఏమంది?"

"లైను చెప్పింది."

"అంతేనా?"

"పదవే మొద్దూ అంది."