దోనెల మీద సభ, ఏలూరులో అప్పీలు

సర్పంచ్ పదవి ఊడిపోయిన మా మేనకోడలు సుజాతకి ఆ కుర్చీని నేను ఏలూరు వెళ్ళి ఒంటిచేత్తో తిరిగి తెచ్చిపెట్టాను. ఇలాంటి పని మీద వెళ్ళేవాళ్ళు ఇంకెవరైనా ఉంటే పనికొస్తుందని దారి కూడా రాస్తున్నాను.

మా తాడేపల్లిగూడెంలో ఏడింటి పాసింజరు ఎక్కాలి. ఏడింటిదంటే ఏడున్నర దాటాక వచ్చేదని అర్థం. ఉంగుటూరు దాటేదాకా సీటు దొరకదు. నాకు దొరికింది, గుండె పట్టుకుని మూలిగాను కాబట్టి. పక్కనున్న రైతు ఎక్కడికని అడిగాడు. మా మేనకోడల్ని సర్పంచ్ పదవి నుంచి తీసేస్తే అప్పీలు వేయించడానికని చెప్పాను.

"ఏం తిన్నారండీ ఆవిడ?"

"ఏమీ తినలేదండీ. గ్రామసభ పెట్టలేదని తీసేశారు. పెట్టింది. కొల్లేరు పొంగి పంచాయతీ ఆఫీసు మునిగితే దోనెల మీద పెట్టింది."

"తినుంటే ఉంచేవారండీ," అన్నాడు.

సుజాత వాళ్ళది కొల్లేటి మధ్య లంక ఊరు, అక్కడ ఇదేం వింత కాదు. వరదొస్తే పెళ్ళిచూపులు కూడా దోనెల్లోనే. తాటి దోనెలు పక్కపక్కన కట్టేసుకుని మంచినీళ్ళ గురించీ, గట్లు తెగిన చేపల చెరువుల గురించీ మాట్లాడుకున్నారు. విచారణకొచ్చిన అధికారి మాత్రం ఆఫీసు ఆవరణలో సభ జరిగిన దాఖలా లేదని రాసుకుపోయారు. ఆ రోజు ఆవరణ నడుంలోతు నీళ్ళలో ఉంది. అది ఆవరణ చేసిన తప్పు గాని, ఆయనది కాదు. తొలగింపు ఉత్తర్వు వచ్చేసింది. అప్పీలుకి గడువు నేను బండెక్కిన మర్నాటితో ఆఖరు. అది దాటితే ఉపసర్పంచ్ ఆ కుర్చీ ఎక్కుతాడు, ఇక దిగడు.

ఏలూరులో పవర్‌పేట స్టేషన్లో దిగితే, కోర్టు దగ్గరున్న ప్లీడరుగారి ఆఫీసుకి ఆటోలుంటాయి. సుజాత అప్పటికే దోనె దిగి, బస్సెక్కి, తడిసిన చీర అంచుతో వచ్చి నిలబడి ఉంది.

ప్లీడరుగారు నన్ను చూడగానే, "రండి సర్పంచ్‌గారూ," అని కుర్చీ చూపించారు. మన వైపు ఆడవాళ్ళు గెలిస్తే మగవాళ్ళకి దక్కే మర్యాద ఇది. వద్దంటే బాగుండదని కూర్చున్నాను.

"సర్పంచ్‌ని నేనండీ," అంది సుజాత నిలబడే. ఇంకో కుర్చీ తెప్పించారు.

సభకి ఎంతమంది వచ్చారని ఆయన అడిగితే, వెయ్యిమందన్నాను. గూడబాతులు కూడా మెడలెత్తి విన్నాయన్నాను. ఆయన కలం ఆపేశారు.

"ఏవండీ, వెయ్యిమందిని మోసే దోనెలు కొల్లేరు మొత్తంలో ఉన్నాయా? అవతలివాళ్ళు ఈ ఒక్కటి పట్టుకుంటే చాలు, అప్పీలు చెత్తబుట్టలోకి పోతుంది."

సుజాత నా వైపు చూసింది. వంద లోపేనని ఒప్పుకున్నాను. గూడబాతుల్ని కూడా వెనక్కి తీసుకున్నాను. మధ్య దోనెలో నేను కూర్చున్న మాట మాత్రం రాయించి సంతకం పెట్టాను. మధ్యాహ్నం బండికి ప్లీడరుగారి జూనియరు కాగితాలన్నీ పట్టుకుని, అప్పీలు ప్రభుత్వానికి ఇవ్వడానికి హైదరాబాదు వెళ్ళాడు.

మొదట్లో రాసింది ఇక్కడ కాస్త సర్దుకోవాలి. కుర్చీ ఇంకా రాలేదు, అప్పీలు మాత్రమే వెళ్ళింది. ప్రభుత్వంవారు దాన్ని తీరిగ్గా చదువుతారు. ఈలోగా పదవీకాలం అయిపోతే మరీ మంచిది, వాళ్ళకి తీర్పు రాసే శ్రమ తప్పుతుంది. ఒంటిచేత్తో అన్నది మాత్రం నిజమే, రెండో చేతిలో బత్తాయిల సంచి ఉంది.

సాయంత్రం నన్ను బండెక్కించడానికి సుజాత పవర్‌పేట దాకా వచ్చింది. బెంచీ మీద గూడెం వెళ్ళే టైలరు సాయిబుగారొకాయన కూర్చుని ఉంటే, ఆయనకి సంగతంతా చెప్పాను. మొత్తం మీద ఏలూరు ప్రయాణం వృథా పోలేదనీ, నా సాక్ష్యమే అప్పీలుకి ప్రాణమనీ తేల్చాను.

"అయితే మీరు లేకపోతే అమ్మాయిగారికి కష్టమేనండీ," అన్నారాయన.

"మావయ్యా," అంది సుజాత, ఆయనకి కూడా వినపడేలా. "మీ కాగితం అప్పీల్లో లేదండీ. మీరు కిళ్ళీకి వెళ్ళినప్పుడు తీయించేశాను. దోనెలు నడిపినవాళ్ళవే పెట్టమన్నాను. సభ రోజు మీరు గూడెంలో ఉన్నారు. జరిగిందంతా నేనే మీకు ఫోన్లో చెప్పాను. తోడు రమ్మంటే సాక్షి అయిపోయారు. సభ జరిగిందన్న నిజం ఒక్కటే నా దగ్గరున్నది. దాన్ని కూడా మీరు పాడుచేసేస్తే ఎలాగండీ?"