చుక్కల మీద గ్లాసులు

నా చిన్నప్పుడు మేముండే సందు బాగా వాలుగా ఉండేది. పూర్ణా మార్కెట్ వెనక ఇరుకు సందు అది. పై ఇంటివాళ్లు వాకిలి కడిగితే ఆ నీళ్లు కింది ఇళ్లన్నింటినీ పలకరించుకుంటూ పోయేవి. ఎవరింటి ముందు ముక్క వాళ్ల వాకిలే. తెల్లవారుతూనే ఆడవాళ్లు లేచి ఊడ్చి, కల్లాపి చల్లి ముగ్గులు వేసేవారు. మా పక్కింటి చాచీ వాళ్లది ముస్లిం కుటుంబం కాబట్టి వాళ్లింటి ముందు కల్లాపీ ముగ్గూ ఉండేవి కావు. చాచీ చీపురుతో శుభ్రంగా ఊడ్చి ఊరుకునేది. చాచాకి మార్కెట్ దగ్గర బట్టలు కుట్టే దుకాణం ఉండేది.

నేను తొమ్మిదో తరగతిలో ఉండగా మా సైన్సు మాస్టారు వేగం, త్వరణం అని రెండు మాటలు చెప్పారు. వేగం సరే, బస్సెక్కినవాళ్లందరికీ తెలిసిందే. త్వరణం మాత్రం నాకు కొరుకుడు పడలేదు. సూత్రం గడగడా అప్పజెప్పేదాన్ని, అంటే ఏమిటని అడిగితే నోరు వెళ్లబెట్టేదాన్ని. సోమవారానికి దాన్ని ఇంటి దగ్గర ఎవరు కొలిచి చూపిస్తే వాళ్లను పెద్ద స్కూల్లో జరిగే సైన్సు ప్రదర్శనకి తీసుకెళ్తానన్నారు మాస్టారు. అప్పటిదాకా మా క్లాసు నుంచి మగపిల్లలే వెళ్లేవారు. నాకు వెళ్లాలని ఎంత ఆశగా ఉండేదో ఇప్పుడు చెప్పినా ఎవరూ నమ్మరు. అన్నం తింటూ కూడా అదే ధ్యాస.

ఉపాయం మాస్టారే చెప్పారు. డబ్బాకి అడుగున మేకుతో బెజ్జం చేసి, వత్తి దూర్చి, సున్నం నీళ్లు పోసి సైకిలుకి కట్టాలి. చుక్క తర్వాత చుక్క ఒకే తీరున, సమానమైన వ్యవధిలో పడుతూ ఉంటుంది. సైకిలు ఒకే వేగంతో పోతే చుక్కల మధ్య దూరాలు సమానంగా ఉంటాయి. వేగం పెరుగుతుంటే దూరాలూ పెరుగుతాయి. అలా వేగం పెరగడమే త్వరణం. వినడానికి ఇంతే.

మా మావయ్య పోర్టులో పనిచేసేవాడు. ఆదివారం సాయంత్రం సైకిలు మీద మా ఇంటికి వచ్చాడు. "మేనగోడలు కోసం నాను డబ్బా కట్టుకుని ఊరేగాలేటే?" అని నవ్వి, సందు పైనుంచి కిందికి వాలులో సైకిలు వదిలేశాడు. తొక్కలేదు. మా ఇల్లు దాటి, చాచీ వాళ్లిల్లు దాటి, చివర రోడ్డు దగ్గర బ్రేకు వేశాడు. ఆ తర్వాత డ్యూటీకి టైమైందని అటే వెళ్లిపోయాడు. నేను ఒక్కో చుక్క దగ్గరా కూర్చుని, త్వరగా ఆరాలని నోటితో ఊదాను. అంతలో చీకటి పడింది. కొలవడానికి టేపేమో చాచా దుకాణంలో ఉంది. రాత్రి తెస్తాడు, పొద్దున్నే కొలుచుకోవచ్చు అనుకుని హాయిగా నిద్రపోయాను.

కల్లాపి సంగతి నాకు గుర్తే రాలేదు. రోజూ కళ్ల ముందు జరిగేది గుర్తుండదు కాబోలు. పొద్దున్నే తలుపు తీసేసరికి మా వాకిట్లో పచ్చగా కల్లాపి, దాని మీద తెల్లగా ముగ్గు. మా నాయనమ్మ చేతులు కడుక్కుంటోంది. పైన ఉన్న ఇళ్లన్నీ అంతే, ఒక్క చుక్క మిగల్లేదు. నేను గుమ్మంలోనే కూలబడి భోరుమన్నాను.

నాయనమ్మ కంగారుపడింది. "పొద్దున్నే ఈ ఏడుపేటే? వాకిలి సల్లకుండా వదిలేత్తారేటి?" అంది. ఆవిడ తప్పేముంది, ఎవరూ ఆవిడకి చెప్పలేదు. సైకిలు మళ్లీ దొరకదు, ఆ రోజే సోమవారం. ప్రదర్శన ఆశ వదులుకుని కళ్లు తుడుచుకుంటూ కిందివైపు చూశాను.

చాచీ వాళ్ల ముంగిట్లో టీ గ్లాసులు బోర్లించి ఉన్నాయి. ఒక్కో సున్నపు చుక్క మీద ఒక్కో గ్లాసు. గ్లాసులు అయిపోయాక గిన్నెలు, అవీ అయిపోయాక డబ్బా మూతలు. తన ఇంటి ముందే కాదు, సందు చివరిదాకా అన్ని చుక్కల మీదా ఏదో ఒకటి బోర్లించింది. కింది ఇళ్లవాళ్లు చేతుల్లో బకెట్లతో నిలబడి ఉంటే, చాచీ కొంగు నడుముకి చుట్టుకుని వాళ్లని బతిమాలుతోంది. "సైడు నుంచి సల్లుకోండమ్మా, పిల్లదాని సుక్కలు తడపకండి." వాళ్లూ గొణుక్కుంటూనే గ్లాసుల చుట్టూ జాగ్రత్తగా నీళ్లు చల్లుకున్నారు.

నేను మా గుమ్మంలో నిలబడే చూశాను. మొదటి గ్లాసులు దగ్గర దగ్గరగా ఉన్నాయి. కిందికి వెళ్లేకొద్దీ ఎడం పెరుగుతూ పోయింది. చివర మావయ్య బ్రేకు వేసినచోట గిన్నెలూ మూతలూ మళ్లీ ఒకదాని పక్కన ఒకటి చేరాయి. సూత్రంలో ఎన్నాళ్లు వెతికినా కనిపించని త్వరణం, చాచీ వంటింటి సామానులో కనిపించింది. ఏడుస్తూనే పకపకా నవ్వేశాను. పిచ్చెక్కిందేమో అనుకుంది నాయనమ్మ.

చాచా టేపుతో నేనూ చాచీ కలిసి దూరాలు కొలిచాం. ఇవన్నీ దేనికో తెలుసా చాచీ అని అడిగాను. "నాకేటి తెలుసు బేటీ? నిన్న సాయంత్రం ఒక్కో సుక్క కాడా కూకుని ఊదతన్నావు కదా. అంత పేనంగా సూసుకున్నదాన్ని ఎలా పోనిత్తాను?" అంది.

పై చుక్కలు కల్లాపిలో పోయాయని మాస్టారికి ఉన్నదున్నట్టు చెప్పాను. క్లాసంతా నవ్వింది, మాస్టారూ నవ్వారు. కానీ ప్రదర్శనకి నన్నే తీసుకెళ్లారు. అక్కడి బల్ల మీద చాచీ గ్లాసులే వరుసగా బోర్లించి, వేగం పెరగడమంటే ఏమిటో వచ్చినవాళ్లందరికీ చెప్పాను. బహుమతి రాలేదు. ప్రదర్శన అయ్యేదాకా చాచీ ఇంట్లో అందరూ గిన్నెల్లో టీ తాగారట, చాచా తర్వాత చెప్పి నవ్వాడు.

ఇప్పుడు గాజువాకలో మా అబ్బాయి ఇంట్లో ఉంటున్నాను. మా మనవరాలు ఫోనులోనే వేగం చూసేస్తుంది, సున్నం నీళ్లతో పని లేదు. వాకిలి చల్లడం మాత్రం ఇప్పటికీ నా పనే. వీధి పిల్లలు సాయంత్రాలు అక్కడ గీతలు గీస్తారు, రాళ్లు పేరుస్తారు. అవేమిటో నాకు అర్థం కావు. అయినా రోజూ బకెట్టు కింద పెట్టి, ముందు నేలంతా ఒకసారి చూసుకుని, ఆ తర్వాతే నీళ్లలో చెయ్యి ముంచుతాను.