మీ దేశంల ఏం చుడ్తరు?

ఎనభైల చివర్లో, ఆడవాళ్ల బతుకుల మీద సినిమాలు తీసే ఒక ఆఫ్రికా ఆవిడకు దుబాసీగా కామారెడ్డి మీదుగా ఎల్లారెడ్డి వెళ్లాను. గడప దగ్గర బీడీలు చుడుతున్న రాజవ్వను ఆవిడ కెమెరాతో తీస్తోంది. రాజవ్వ దగ్గు ఆపుకుని నన్నడిగింది. "వీళ్ల దేశంల ఆడోళ్లు ఏం చుడ్తరు, సారూ?"

ఆడపుట్టుక పుడితే ఎక్కడైనా ఏదో ఒకటి చుట్టాల్సిందేనని ఆమె లెక్క. నాకు నవ్వొచ్చింది. తర్జుమా చేసి చెబితే ఆవిడకు రాలేదు.

"మా అమ్మ చేపల్ని పొగలో ఎండబెట్టి అమ్మేది," అంది. తెలుగులో చెప్పాను.

"గట్లనా. మరి ఆమెకు గూడ దగ్గుండెనా?"

ఆ ప్రశ్న నా నోట వినగానే ఆవిడ కెమెరా దించేసింది. "దగ్గుతోనే పోయింది."

ఆ మాట నేను తెలుగులో చెప్పలేకపోయాను. రాజవ్వ నా మొహం చూసి, తంబాకు చాట పక్కకు జరిపి, చాప మీద ఆవిడకు చోటిచ్చింది.