వదులు మూతలు

క్షవరం చేసే పెద్దాయన మీద ఈమధ్య ఇంట్లో వస్తువులన్నీ పగబట్టాయి. గ్లాసు పట్టుకుంటే జారుతుంది, తాళంచెవి కన్నంలోకి దిగనంటుంది, చొక్కా గుండీ కాజా దాకా వచ్చి మొరాయిస్తుంది. చేతులు వణుకుతున్నాయేమోనని తట్టలేదా అంటే, తట్టనిస్తేగా! వీధి వీధంతా గడ్డాలు అప్పగించిన చేతులవి. వాటిని అనుమానిస్తే కత్తి దించెయ్యాలి. అంతకంటే గ్లాసుని తిట్టుకోవడమే నయం.

కానీ గ్లాసుని ఎంతసేపని తిడతాడు, అది పలకదుగా. అందుకని కోడలి మీద పడ్డాడు. గ్లాసులకి సబ్బు సరిగ్గా కడగవు కాబట్టే జారుతున్నాయన్నాడు, గుండీలు మరీ బిగించి కుట్టావన్నాడు. కొట్లో ఒకాయన గడ్డం తెగితే నెపం కొత్త బ్లేడు మీదకి తోసేసి, ఆ చిరాకు కూడా ఇంటికి తెచ్చి ఆ పిల్ల మీదే దులిపాడు. ఆమె తలూపి తన పనిలో పడేది.

ఆ ఆదివారం పొద్దున కాఫీ కలుపుకుందామని, అలవాటు కొద్దీ పంచదార సీసాని మూత పట్టుకుని ఎత్తాడు. మూత చేతిలో మిగిలింది, సీసా కిందపడి భళ్ళుమంది. ఇంకేముంది, ఇల్లు పీకి పందిరేశాడు. మూత బిగించడం కూడా రాదా అని అరిచాడు. కొట్లో తనతోపాటు పనిచేసే కొడుకు ఏదో అనబోతే, కోడలు కళ్ళతోనే ఆపింది.

"నాదే పొరపాటు మామయ్యా," అని గాజుపెంకులు ఏరడానికి కూర్చుంది.

ఒప్పుకున్నా ఆయనకి చాల్లేదు. మిగతావీ చూపించి కడిగేద్దామని అల్మారా దగ్గరికి వెళ్ళాడు. కింది అరలో టీపొడి, బిస్కెట్లు, తన మాత్రల డబ్బా, అన్నీ తను చెయ్యి పెట్టేవే. అన్ని మూతలూ వదులే. చూశావా నీ పెళ్ళాం పనితనం అన్నాడు కొడుకుతో. తర్వాత పై అరలోంచి, ఆమె వంటకి వాడుకునే బఠాణీల డబ్బా దింపాడు. మూత కదల్లేదు. పక్కదీ అంతే, బిగించి ఉంది. మళ్ళీ బఠాణీల డబ్బానే తీసి రెండు చేతులా పట్టుకుని మూత తిప్పబోయాడు. లోపల బఠాణీలు గలగలమన్నాయి. తిప్పడం ఆపేశాడు, అయినా గలగల ఆగలేదు.

తల కొట్టేసినట్టయింది. తను తిట్టినన్నాళ్ళూ ఆ పిల్ల తన మూతలన్నీ ముందే వదులు చేసి పెడుతూ వచ్చింది, మొగుడి చేత కూడా ఒక్క మాట అననివ్వకుండా. గదిలో దూరి తలుపేసుకోవాలనిపించింది. దూరితే తప్పు ఆమె మీదే ఉండిపోతుంది.

డబ్బా తెచ్చి ఆమె ముందు పెట్టాడు.

"ఇది నాకు రావట్లేదమ్మా. చేతులు వణుకుతున్నాయి. కాస్త తీసిపెట్టు."

ఆమె చెయ్యి తుడుచుకుని తీసింది. కొడుకు మొహంలోకి చూడలేకపోయాడాయన.

"ఆ గడ్డం తెగింది బ్లేడు వల్ల కాదురా," అన్నాడు నేల చూస్తూ. "రేపట్నుంచి నన్ను కత్తి పట్టనివ్వకు."