నిలబడ్డ చోటే చివికిన రాయి

మా అమ్మాయి పోయిందన్న కబురు వచ్చినప్పుడు నేను నర్సీపట్నంలో మా ఇంట్లో దాని నైటీలు ఇస్త్రీ చేస్తున్నాను. విశాఖపట్నం ఆస్పత్రిలో ఆరు రోజులు దాని పక్కనే ఉండి, ఉతికిన బట్టలు తీసుకెళ్దామని ఆ ఉదయమే బస్సెక్కి వచ్చాను. మధ్యాహ్నం మా ఆయన ఫోన్ చేశాడు.

"బేగి వొచ్చీ" అన్నాడు.

"బట్టలు అయిపోనాయి. రెండు గంటల బస్సుకి బయల్దేరతాను."

"బట్టలొద్దు. నువ్వొస్తే సాలు" అన్నాడు.

ఫోన్ పెట్టేసి మిగిలిన ఒక్క నైటీ కూడా ఇస్త్రీ చేసి, మడత పెట్టి, అన్నిటి మీదా పెట్టాను. ఎందుకు చేశానో నాకు తెలియదు.

నేను చదివింది ఐదో తరగతి. చర్చి వీధిలో బట్టలు కుడతాను. మా అమ్మాయి రాళ్ళ చదువు చదివింది, జియాలజీ. ఎంఎస్సీ అయ్యాక ఇంకా పెద్ద చదువుకి పరిశోధన చేస్తోంది. దాని పరిశోధన మొత్తం ఒక్క మాట చుట్టూ తిరిగింది. ఆ మాట సాప్రొలిటిక్. నెల తిరిగాక మా చర్చిలో జ్ఞాపకార్థ కూడిక పెట్టినప్పుడు ఆ మాటేమిటో, ఆ మాట దగ్గర నేను చేసిన తప్పేమిటో అందరి ముందూ చెప్పాలని లేచాను. మైకు చేతికిచ్చారు. "మా అమ్మాయి మంచిది" అన్నాను. మైకు తిరిగి ఇచ్చేసి కూర్చుండిపోయాను. పాస్టరమ్మగారు తర్వాత ఇంటికొచ్చి, "నోటితో రాకపోతే రాయండి, మన సంఘం పుస్తకంలో వేద్దాం. తప్పులు నేను దిద్దుతాను" అన్నారు. దిద్దారు కూడా. ఆ ఒక్క మాట మాత్రం ముట్టుకోవద్దని చెప్పాను. దాన్ని మా అమ్మాయి నా చేత పది సార్లు పలికించి నేర్పింది.

శని, ఆదివారాలకి ఇంటికొచ్చేది. భుజాన సంచి, సంచిలో సుత్తి, పాత పేపర్లలో చుట్టిన రాళ్ళు, మట్టి గడ్డలు. ఒక్కో దాని మీదా అంకెలు. మా ఆడపడుచు పక్క ఇంట్లోనే ఉంటుంది. ఇది సందు మలుపు తిరగడం చూస్తే చాలు, ఆవిడ గుమ్మంలోకి వచ్చేది.

"ఏటే, ఈ వారమైనా బంగారం దొరికిందేటి?"

"దొరికితే నీకు సెప్తానా అత్తా?"

"కూలికెల్లినోళ్ళు కూడా సాయంత్రం సేతులు కడుక్కుంటారే. ఎంఎస్సీ సదివి గోళ్ళ నిండా మట్టేటే? నిన్నెవడు సేసుకుంటాడు?"

"మట్టి నచ్చినోడు" అనేది ఇది నవ్వుతూ. లోపలికొచ్చి, ముందు రాళ్ళు దించి, తర్వాత చెప్పులు విప్పేది. అన్నంలో పళ్ళకి రాయి తగిలితే పారేయకుండా పళ్ళెం అంచున పెట్టి చూసేది. బస్సులో ఎప్పుడూ కిటికీ పక్కనే, అదీ కొండ ఉన్న వైపే కూర్చునేది. ఎండ ఆ వైపు కొడుతున్నా లేచేది కాదు.

మొన్న వేసవిలో ఒక శనివారం అది స్నేహితురాలిని చూడ్డానికి యలమంచిలి వెళ్ళింది. మా ఇంట్లో శనివారం అంటే కడుగుడు. ఆదివారం చర్చికి వెళ్ళేలోగా గిన్నెల దగ్గర్నుంచి గుమ్మం దాకా కడగని వస్తువు ఉండకూడదు, మా అత్తగారి కాలం నుంచీ అలవాటు. దాని మంచం కింద ఊడుస్తుంటే పేపరు పొట్లం కనిపించింది. విప్పితే రెండు పిడికిళ్ళంత రాయి. ఎరుపు, తెలుపు చారలతో అందంగా ఉంది, కానీ పైనంతా మట్టి. ఇంత దూరం మోసుకొచ్చింది కదా, శుభ్రంగా కడిగి టీవీ పక్కన పెడదాం, చూసి సంతోషిస్తుంది అనుకున్నాను. బకెట్లో నీళ్ళు పట్టి అందులో వేశాను. గిన్నెలు తోమి వచ్చేసరికి రాయి లేదు. ఎర్రనీళ్ళు ఉన్నాయి. అడుగున కాస్త ఇసుక.

అది సాయంత్రం వచ్చింది. బకెట్ ముందు గొంతుకూర్చుని అడుగున ఉన్న ఇసుకని వేళ్ళతో తడిమింది. తిట్టి ఉంటే బాగుండేది. చివరికి నా వైపు తిరిగి, "అమ్మా, ఈ ఇంట్లో నువ్వు కడక్కూడనిది ఇదొక్కటేనే. దాన్నే కడిగేసేవు" అంది. కళ్ళలో నీళ్ళున్నాయి, నవ్వుతోంది.

"రాయి కాదేటే అది?"

"రాయే. రాయి కాదు కూడాను. ఇలా కూర్సో, సెప్తాను."

ఆ రోజే మొదటిసారి ఆ మాట చెప్పింది. మన కొండలన్నీ గట్టి రాయి. వాన నీళ్ళు పగుళ్ళలోంచి దిగి దిగి, లెక్కపెట్టలేనన్ని ఏళ్ళకి, రాయిలో ఉన్న గట్టిదనమంతా పట్టుకుపోతాయి. కానీ ఆ రాయి ఉన్న చోటు నుంచి కదలదు. దాని చారలు చెరగవు. ఏ చార పక్కన ఏ చార ఉండేదో అలాగే ఉంటుంది. చూస్తే రాయి, గోటితో గీకితే మట్టి. అలా ఉన్నదాన్ని సాప్రొలిటిక్ అంటారట. గ్రీకు భాషలో కుళ్ళిన రాయి అనే మాటల నుంచి వచ్చిందట.

"కుళ్ళడమేటే, కూరగాయా అది? సివికిపోడం అను" అన్నాను. నా పని బట్టలతో కదా, నాకు తెలిసింది అదే చెప్పాను. ఒకావిడ వాళ్ళమ్మ పట్టుచీర తెచ్చి మనవరాలికి లంగా కుట్టమంది. జరీ ఉంది, నేత ఉంది, పువ్వులున్నాయి. మడత విప్పుతుంటేనే చేతిలో పీలికలైపోయింది. కత్తెర పెట్టనే లేదు.

అది ఒక్కసారి నిటారుగా కూర్చుంది. "మళ్ళీ సెప్పు." మళ్ళీ చెప్పాను. పుస్తకం తీసి రాసుకుంది. పల్లెటూరి బడుల్లో పిల్లలకి ఈ రాళ్ళ సంగతి తెలుగులో చెబుతుండేది, దానికి సరైన మాట దొరక్క వెతుకుతోందట. "చివికిన రాయి" అని రాసి, పక్కన "అమ్మ చెప్పింది" అని రాసింది. అంత చదువు చదివిన పిల్ల పుస్తకంలో నా మాట. పగలు చేసిన పాడుపని కాసేపు మరిచిపోయాను.

ఇక అప్పట్నుంచి ఆ మాట వాడాలని నాకు సరదా. ఒక్కసారీ సరిగ్గా వాడలేదు. బలిఘట్టం వెళ్ళినప్పుడు ఏటి ఒడ్డున మెత్తటి మట్టి చూపించి, "ఇది సాప్రొలిటిక్కే కదా?" అన్నాను. "కాదమ్మా, ఇది కొట్టుకొచ్చిన మట్టి. దీని సొంతూరు ఇది కాదు. కదిలినదానికి ఆ మాట వాడకూడదు." మాకవరపాలెంలో మా తమ్ముడు ఇల్లు కట్టుకుంటుంటే పునాది పక్కన ఎర్రమట్టి కుప్ప చూసి మళ్ళీ అన్నాను. "తవ్వి పోసేసేరు కదే. గీతలేవి ఇందులో? గీత లేకపోతే ఆ మాట లేదు." మా వంటింటి తలుపు చెదలు పట్టి పొడి రాలుతుంటే అన్నాను. "సెక్కకి కాదమ్మా, రాయికే." ఒక రోజు అదే, మోకాళ్ళ నొప్పులని మూలుగుతున్న వాళ్ళ నాన్నని చూపించి, "నాన్న మోకాళ్ళు సాప్రొలిటిక్" అంది. దొరికిపోయావే అన్నాను. "అది జోకు, పరీచ్చలో రాయకు" అంది. మా ఆయన, "ఏటే తల్లీకూతుళ్ళు నన్ను ఇంగ్లీషులో తిడతన్నారు?" అని కసురుకున్నాడు. ముగ్గురం నవ్వుకున్నాం.

ఇంత నవ్వినా నేను కరిగించిన ముక్క తిరిగి రాలేదు. అది రోడ్డు వెడల్పు చేయడానికి కొండని కోసిన చోట తీసిన ముక్కట. అలాంటి చారలున్నది ఇంకెక్కడా దొరకలేదట. మళ్ళీ తెచ్చుకుందామని వెళితే ఆ కోత మొత్తానికి సిమెంటు కొట్టేశారు. సిమెంటు ముందు నిలబడి నాకు ఫోన్ చేసింది. "ఏం పరవాలేదమ్మా, పైన ఎక్కడో ఉంటాది" అంది. పైన అంటే ఏజెన్సీలో, మన్యం కొండల్లో. వానలు మొదలయ్యాయి, ఆగి వెళ్ళమన్నాను. పరిశోధన కాయితాలు ఇచ్చే గడువు దగ్గర పడిందంది. పదిహేను రోజులు కొండల్లో తిరిగింది. ముక్క దొరికింది. దాన్ని దూదిలో చుట్టి, ప్లాస్టిక్ డబ్బాలో పెట్టి, చంటిపిల్లని తెచ్చినట్టు రెండు చేతులా పట్టుకుని ఇంటికొచ్చింది. ఒళ్ళు కాలిపోతోంది.

తడిసింది కదా, నడిచింది కదా అని మామూలు జ్వరం బిళ్ళ వేశాను. మిరియాల చారు పెట్టాను. రెండో రోజు తగ్గినట్టే తగ్గింది. మూడో రోజు నన్ను చూసి, "అత్తా" అంది. అప్పుడు ఆటో ఎక్కించాం. ఇక్కడి ఆస్పత్రిలో మలేరియా అన్నారు, మెదడుకి ఎక్కిందన్నారు, విశాఖపట్నం తీసుకెళ్ళమన్నారు.

అక్కడ డాక్టర్లు చెయ్యాల్సింది చేశారు. ఎవరినీ అనను. నాకు చేతనైంది అరచేతులు, అరికాళ్ళు తుడవడమే. గుడ్డ తడపడం, పిండడం, తుడవడం. తుడిచిన చోట మళ్ళీ వేడి. ప్రార్థన చేద్దామంటే మాటలు రావు, "ప్రభువా" దగ్గరే ఆగిపోయేదాన్ని. నాలుగో రోజు కాస్త తెలివొచ్చింది.

"అమ్మా, బేగులో డబ్బా ఉంది. కడగొద్దు" అంది.

"కడగనమ్మా."

"ఒట్టు?"

"ఒట్టే."

మళ్ళీ కళ్ళు మూసుకుంది. అప్పుడు అడిగాను. "ఆ ముక్క నేను కడక్కపోతే నువ్వు కొండకి ఎల్లేదానివి కాదు కదే?" వినలేదేమో. విన్నదేమో. కళ్ళు తెరవలేదు.

మా ఆయన అంటాడు, జ్వరం ఎవరికి రావాలో వారికి వస్తుంది, ఊళ్ళో ఉన్నవాళ్ళకి రావడం లేదా అని. దాని చేత పరిశోధన చేయిస్తున్న సారు కూడా, "ఎలాగూ ఇంకోసారి వెళ్ళాల్సిందేనమ్మా" అన్నారు. నిజమో, నా కోసం అన్నారో. అడిగి తెలుసుకోవాల్సిన మనిషి లేదు. కూడికలో నేను చెప్పలేకపోయింది ఇదే. నన్ను ఓదార్చమని రాయడం లేదు. ఇది దాని కథలో జరిగింది కాబట్టి దాచకూడదని రాస్తున్నాను. డబ్బా సారుకి ఇచ్చేశాం. మూత తీయలేదు.

మా సమాధుల తోట కొండవాలులో ఉంది. పెట్టె తీసుకెళ్ళేసరికి గొయ్యి తవ్వేసి ఉంది. పాస్టరయ్యగారు వాక్యం చదువుతున్నారు. నేను పెట్టె వైపు చూడలేక గొయ్యి వైపు చూశాను. పైన జానెడు నల్లమట్టి. దాని కింద, పార తెగవేసిన గోడ మీద, చారలు. తెల్ల చార, దాని పక్కన ఇటుక రంగు, మళ్ళీ తెలుపు, సన్నటి పసుపు. ఒక్కటీ తెగకుండా తల వైపు నుంచి కాళ్ళ వైపుకి ఏటవాలుగా దిగుతున్నాయి. ఎదుటి గోడ మీద కూడా అవే, అదే వరసలో. మోకాళ్ళ మీద కూర్చుని చెయ్యి పెట్టాను. గోరు దిగిపోయింది.

"ఎనక్కి రండమ్మా, అంచు రాలిపోద్ది" అన్నాడు తవ్వినతను.

"ఇది రాయేనా, మట్టా?" అని అడిగాను.

"ఏటోనమ్మా. సూడ్డానికి రాయిలాగుంది గానీ పార ఎయ్యంగానే వొచ్చీసింది."

కొట్టుకొచ్చింది కాదు. ఎవరూ తవ్వి పోసింది కాదు. గీతలున్నాయి. ఆ మాట నోటి దాకా వచ్చింది. దాని సారు కాస్త దూరంలో తలొంచుకుని నిలబడి ఉన్నారు. పిలిచి, అవునా కాదా అని అడగొచ్చు. కూతుర్ని పెట్టెలో పెట్టుకుని ఈవిడ ఏమిటి ఇలా అడుగుతోంది అనుకుంటారని అడగలేదు. పెట్టె వైపు తిరిగి, పెదాలు కదిపి, ఆ మాట ఒక్కసారి అన్నాను. మా ఆడపడుచు నేను పడిపోతున్నాననుకుని రెక్క పట్టుకుంది.

తాళ్ళతో పెట్టె దించారు. అందరూ తలా గుప్పెడు మట్టి వేశారు. తర్వాత ఇద్దరు పారలు అందుకున్నారు. గట్టు మీద కుప్ప పోసిన మట్టిలో తెలుపు లేదు, పసుపు లేదు, అన్నీ కలిసి ఒకటే ఎరుపు. దానికి ఆ మాట చెల్లదని నాకు తెలుసు. పార పడినప్పుడల్లా గోడ మీద చారలు కింద నుంచి ఒక్కొక్కటే కప్పుకుపోతున్నాయి. నన్ను లేవమంటున్నారు. తల వైపున, అంచుకి దగ్గరగా, ఒక తెల్ల చార ఇంకా కనిపిస్తోంది.