మొగులప్ప బండల కచేరి

తాండూరులో నాపరాయి కొనేవాళ్ళు బండను వేలి కణుపులతో కొట్టి చూస్తారు. ఖంగుమంటే మంచిది, బొంగురుగా పలికితే పగులున్నట్టు. గనిలో పనిచేసే మొగులప్ప మాత్రం కొట్టి, చెవి ఆనించి, కళ్ళు మూసుకునేవాడు. ఏళ్ళ తరబడి స్వరానికో బండ ఏరి ఇంటికి మోశాడు. దుఃఖం పలకాలని పగిలిన బండ కూడా ఒకటి కావాలనే పెట్టుకున్నాడు. పోలీసు యాక్షన్ తర్వాతి దసరాకు వాటిని తాళ్ళ మీద పరిచి, చెక్క సుత్తెలతో వాయించాడు. జనమంతా తల వంచి విన్నారు. ఆఖరున బండల వ్యాపారి కైలాసం లేచి, "మాల్ మస్తున్నది మొగులప్పా! గా చివరిదొక్కటే పలిగింది, తీసెయ్యి" అన్నాడు. "అది గూడ ఇన్నరు!" అని మొగులప్ప గంతులేశాడు. తెల్లారి లేచేసరికి భార్య నాగవ్వ ఒక్కటి తప్ప బండలన్నీ కైలాసానికి అమ్మేసింది. ఎవ్వరూ కొనని ఆ పగిలిన బండ ముందు మొగులప్ప కూర్చున్నాడు. తర్వాత సుత్తె తీసుకుని, "జర సప్పుడు జెయ్యకు నాగీ, అసలు పాట గిప్పుడే షురూ అయితది" అన్నాడు.