చన్నావారి కొర్రమట్ట

ఐలేశం సారు చేపకు కూడా ఇంటిపేరు అడుగుతాడు.

మనిషిని అడగడం మన దగ్గర వింతేమీ కాదు. బస్సులో పక్క సీటు దొరికితే చాలు, టికెట్టు కొట్టేలోపే అడిగేస్తారు. ఐలేశం సారు మాత్రం అచ్చంపేట బస్టాండు రోడ్డు అంచున చేపల బుట్ట ముందు గొంతుకూర్చుని, చొక్కా జేబులోంచి దారం కట్టిన భూతద్దం తీసి, ఒక కన్ను మూసి, కొర్రమట్ట మొహంలో మొహం పెట్టి, "దీని ఇంటిపేరేంది?" అంటాడు. చేప ఎట్లాగూ చెప్పదు. అమ్మే గ్లోరీ చెప్పాలి.

మొదటిసారి ఆ మాట విన్నప్పుడు గ్లోరీకి అరికాలి మంట నెత్తికెక్కింది. ఆమెను ఇంటిపేరు అడిగినవాళ్ళంతా ఇట్లాగే పక్కదారిన వచ్చినవాళ్ళే. ముందు ఊరడుగుతారు. నాయిన ఏం పని చేస్తాడంటారు. ఆ తర్వాత ఇంటిపేరు. అది వినగానే, బయటికి తెచ్చిన మంచినీళ్ళ చెంబు మళ్ళీ లోపలికి పోతుంది. ఈ ముసలాయన చేపతో మొదలుపెట్టాడు, ఎన్నాళ్ళకు నా దాకా వస్తాడో చూద్దామనుకుంది.

"చేపకు ఇంటిపేరేంది సారూ? కొర్రమట్ట. కండ్ల ముంగట కొట్టుకుంటాంది. కావాల్నంటే తీస్కోండ్రి, లేకుంటె బేరం చెడగొట్టకుండ్రి."

"కొర్రమట్ట అనేది మనం పెట్టుకున్న ముద్దుపేరమ్మా. సైన్సు పుస్తకంల దీని ఇంటిపేరు చన్నా. సొంతపేరు స్ట్రయేటా. ఇంటిపేరు ముందు, సొంతపేరు ఎనుక. మన లెక్కనే."

"మరి అన్ని మీకే తెలుసు గద. నన్నెందుకు అడుగుడు?"

"నువ్వు ఏం చెప్తవో సూద్దమని."

ఆయన వెళ్ళిపోయాక పక్కన ఎల్లిగడ్డలమ్మే పుష్ప నవ్వాపుకోలేక చెంగు నోట్లో కుక్కుకుంది. "గాయన తోని జర పైలం గ్లోరీ. గాయన వాన పడుతున్నా, ఇది వానేనా, మీదింటోళ్ళు బట్టలు పిండుతున్నరా అని మిద్దెక్కి చూసొస్తడు."

ఆ మాటలో పెద్ద అబద్ధమేమీ లేదు. ఐలేశం సారు డిగ్రీ కాలేజీలో ముప్ఫై రెండేళ్ళు ల్యాబ్ అటెండరుగా చేసి రిటైరయ్యాడు. గాజు సీసాల్లో నిలువునా నిలబెట్టిన చేపల దుమ్ము దులపడం, మందునీళ్ళు మార్చడం, ఊడిన పేరు చీటీలు మళ్ళీ అంటించడం ఆయన పని. లెక్చరర్లు బదిలీ మీద వచ్చారు, బదిలీ మీద పోయారు. చేపలూ ఐలేశం మాత్రం అక్కడే ఉన్నారు. ఆయన నాయిన రెండు వందల గొర్రెల్లో ఏది తప్పిపోయినా మొహం చూసి చెప్పేవాడట. కొడుకు సీసా మూత చూసి లోపలున్న చేప వంశం చెప్పేవాడు. ఒకసారి ఎవరో రెండు సీసాల చీటీలు తారుమారు చేస్తే, పిల్లలు ఏడాదంతా తప్పుపేర్లే చదివి పరీక్ష రాశారు. ఆ రోజు నుంచి ఆయన చీటీని నమ్మడం మానేశాడు. క్రమంగా పాలను, పప్పును, గ్యాస్ బండను, గోడ గడియారాన్ని కూడా నమ్మడం మానేశాడు.

"పెండ్లయి నలభై ఏండ్లాయె, ఇయ్యాల్టికి నేను పోసిన చారు వాసన చూసే తాగుతడు," అంటుంది ఆయన భార్య సుక్కమ్మ. "మందు పెడ్తననుకుంటడో, చింతపండు తక్కువైందనుకుంటడో ఆ దేవునికే ఎరుక."

కోస్గిలో మరదలి బిడ్డ పెండ్లయ్యాక పదహారు రోజుల పండుగకు సారు పోయినప్పటి సంగతి పుష్ప ఎన్నిసార్లు చెప్పినా కొత్తగానే చెబుతుంది. రెండు వందల మంది బంతిలో కూర్చున్నారు. కొర్రమట్ట పులుసు వడ్డించారు. అందరూ ముద్ద కలుపుతుంటే ఐలేశం సారు ముక్కను భూతద్దంతో చూసి, వంటాయనను పిలిచాడు.

"తలకాయలేవి?"

"ముండ్లుంటయని పారేసినం సార్."

"కొర్రమట్ట తలకాయ పారేసెటోడు తెలంగాణల ఇంకా పుట్టలే."

బంతిలోంచి లేచి, ఎంగిలి చేత్తోనే టెంటు వెనక్కి పోయి, గోనెసంచి విప్పాడు. ఒక్కో తలకాయకు ఎనిమిదేసి మీసాలు. అది కొర్రమట్ట కాదు, చెరువుల్లో పెంచొద్దని సర్కారు మొత్తుకునే మీసాల చేప. ఒక తలకాయను మీసం పట్టుకుని ఎత్తుకొచ్చి, "దీని ఇంటిపేరు క్లారియస్. దొంగపేరు పెట్టుకోని పెండ్లికొచ్చింది," అని పెండ్లికొడుకు తండ్రి ముందు పెట్టాడు. రెండు వందల మందీ ఆ పూట పచ్చిపులుసుతో సర్దుకున్నారు. ఇప్పుడు చుట్టాలు శుభలేఖ ఇచ్చేటప్పుడే, "కూరగాయల బోజనమే పెడ్తున్నం బావా," అని చెప్పి మరీ ఇస్తారు. వంకాయకు కూడా ఇంటిపేరుందన్న సంగతి పాపం వాళ్ళకు తెలియదు.

ఈ కథలన్నీ విన్నాక గ్లోరీకి నవ్వు వచ్చింది గానీ అనుమానం పోలేదు. ఎందుకంటే సారు రోజూ వస్తాడు. సరిగ్గా బస్సులు దిగి జనం కూరగాయలకూ చేపలకూ ఎగబడే వేళకే వస్తాడు. వచ్చి బుట్ట మీది తడి గోనెపట్ట ఎత్తి, పది మంది చూస్తుండగా ఒక్కో చేపనూ తిప్పి తిప్పి చూస్తాడు. "చన్నా," అంటాడు గట్టిగా. మళ్ళీ ఇంకోటి తీసి, "ఇది సుత చన్నానే," అంటాడు, ఏదో కేసు రుజువు కానందుకు పోలీసు బాధపడినట్టు. చివరికి ఒకటి కొనుక్కుని పోతాడు. ఆయన అటు పోగానే ఇటు జనం మూగేవారు. పీడ విరగడైంది కాబట్టే బేరం అయ్యిందనుకునేది గ్లోరీ.

"నాలుగు నెలలాయె, ఇంకా నన్ను అడగలే," అంది ఒక రోజు భర్త వీరేశంతో.

"అడగకుంటె మంచిదే గద."

"అడగనోణ్ణే నమ్మొద్దు. లోపల పెట్టుకోని తిరుగుతున్నడు."

అంతలో రోడ్డు వెడల్పు పని వచ్చిపడింది. అంచున కూర్చునేవాళ్ళంతా వారంలో లేవాలన్నారు. పుష్పకు మేనమామ దుకాణం అరుగుంది. గ్లోరీకి ఎవరున్నారు? నాలుగు నెలల కింద కూలిపని మానుకుని, చెరువు గట్టున తెల్లారకముందే బుట్ట నింపుకొచ్చి, ఇప్పుడిప్పుడే నిలదొక్కుకుంటోంది. జాగా పోతే మళ్ళీ పత్తి చేన్లోకే.

కిరాయికి గది కోసం ఆలుమగలిద్దరూ తిరిగారు. మొదటి ఇంటాయన గది చూపించాడు, నల్లా చూపించాడు, ఇంటిపేరు అడిగాడు. విన్నాక కాసేపు పైకి చూసి, "మా అల్లుడొస్తున్నడు, ఆయనకే ఇద్దమనుకుంటున్నం," అన్నాడు. రెండో ఇంటాయనకూ అల్లుడే వస్తున్నాడు. మూడో ఆయనకు బిడ్డలే లేరు, అయినా అల్లుడొస్తున్నాడు. మొత్తం ఏడు ఇండ్లకు ఏడుగురు అల్లుళ్ళు ఒకే వారంలో అచ్చంపేటకు వచ్చిపడ్డారు. 

"నువ్వొట్టి పిచ్చిదానివి," అంది పుష్ప. "ఏదన్నొక పేరు చెప్పరాదే. ఎవడు ఆధార్ కార్డు పట్టుకోని చూస్తడు?"

గ్లోరీ ఆ రాత్రి దాని గురించే ఆలోచించింది. నాలుక చివరిదాకా వచ్చిన పేర్లు కూడా ఉన్నాయి. కానీ మీసాల చేపను కొర్రమట్టని చెప్పి ఏనాడూ అమ్మనిది, తనను తాను ఇంకో పేరుతో ఎట్లా చెప్పుకుంటుంది? ఒద్దులే అనుకుంది. జాగా దొరికినా దొరక్కపోయినా ఉన్నమాటే చెబుతాననుకుంది.

ఇక మిగిలింది ఒక్కటే గది. అది ఐలేశం సారు ఇంటి ముందుగది. రోడ్డు మీదికి షట్టరు, పక్కనే బోరు, చేపలకు అంతకంటే మంచి జాగా లేదు. కానీ మూడేళ్ళుగా దానికి తాళమే. అడగవచ్చిన ప్రతివాడిలోనూ సారుకు ఏదో ఒక అనుమానం. సెల్‌ఫోన్ల దుకాణం పెడతానన్నవాణ్ణి, "వాడు ఒక్క మాటల మూడుసార్లు నమ్మకం అన్నడు. నమ్మకం ఉన్నోడు గా మాట అంటడా?" అని పంపేశాడు. మందుల దుకాణం ఆయనను, చెప్పులు మరీ చక్కగా జత చేసి విడిచినందుకు పంపేశాడు.

గ్లోరీ గుండె రాయి చేసుకుని పోయింది. వట్టి చేతులతో పోవద్దని బకెట్లో ఒక బతికున్న కొర్రమట్టను పట్టుకుపోయింది. సారు అరుగు మీద కూర్చుని అగ్గిపెట్టెలో పుల్లలు లెక్కపెడుతున్నాడు. పెట్టె మీద రాసినన్ని ఉన్నాయో లేవోనని. పక్కింటి దర్జీ పోచయ్య కూడా అక్కడే ఉన్నాడు.

"సారూ, ముందుగది కిరాయికిస్తరేమోనని వచ్చిన."

సారు అగ్గిపెట్టె మూశాడు. బకెట్ వైపు చూశాడు. చెయ్యి జేబులోకి పోయింది, భూతద్దం బయటికొచ్చింది. బకెట్లోకి వంగాడు. కొర్రమట్ట తోకతో కొట్టిన నీళ్ళు ఆయన మొహం మీద చిందాయి. 

"చన్నా," అన్నాడు తుడుచుకుంటూ. "తాళంచెవి ఏడున్నదే సుక్కమ్మా?"

అంతే. ఇంకేమీ అడగలేదు. ఇందులో ఏదో మెలిక ఉందనుకుంది గ్లోరీ. మెలిక పోచయ్య నోట్లోంచి వచ్చింది.

"ఆగరాదే ఐలేశన్నా. గట్లెట్లిస్తవ్? ఏమమ్మా, మీదేవూరు? ఇంటిపేరేంది?"

ఇదిగో వచ్చింది. నాలుగు నెలలుగా ఎదురుచూసిన మాట, ఎవరి నోటి నుంచి వస్తేనేం. గ్లోరీ కొంగు నడుముకు బిగించి, ఉన్నమాట చెప్పడానికి నోరు తెరిచింది.

"నువ్వుండమ్మా," అన్నాడు ఐలేశం సారు. పోచయ్య వైపు తిరిగి భూతద్దం ఆయన మొహానికి పట్టాడు. "పోచయ్యా, ఈమెను వండుకోని తింటవా?"

"అదేం మాటనే?"

"తినవు గద. మరి ఇంటిపేరెందుకు? నేను తినేదాని ఇంటిపేరు అడుగుత. అది తప్పుదైతె నా కడుపు చెడ్తది. ఈమె ఇంటిపేరు తెలిస్తె నీ కడుపుల ఏం చల్లగైతది?"

పోచయ్య గొణిగాడు. "లోకంల అందర్ని అనుమానిస్తవ్. నా కొలతల టేపును సుత నమ్మవు. ఈమెనెట్ల నమ్మినవే?"

"నమ్ముడేంది? నాలుగు నెలలు దినాం అనుమానించిన. ఒక్కనాడన్న ఒక్క చేప దొంగపేరు మీద దొరుకుతదేమోనని చూసిన. దొరకలే. నేనేం చెయ్యాలె?"

ఆ మాట అన్నప్పుడు ఆయన మొహంలో నిజంగానే దిగులు కనిపించింది.

సుక్కమ్మ తాళంచెవి తెచ్చింది. ఇంకో చేతిలో మంచినీళ్ళ చెంబు తెచ్చింది. "ఈయన సంగతి నీకు తెల్వది బిడ్డా," అంది గ్లోరీతో. "చేపలు తింటె ఈయనకు ఒంటి నిండ దద్దుర్లు. అయినా దినాం తెస్తడు, నేనే తినాలె. కొత్తగొచ్చిన పిల్లకాడ జనం కొంట లేరు, నేను చూసిన బుట్టంటె కొంటరు అని, బస్సులు దిగే యాల్లకే ఉరుకుతడు."

ఆయన పోగానే జనం ఎందుకు మూగేవారో గ్లోరీకి ఇప్పుడు తెలిసింది. ఇన్నాళ్ళూ పీడ అనుకున్నది ఈయననే. కళ్ళు చెమ్మగిల్లాయి గానీ, తుడుచుకునే సందు కూడా సారు ఇవ్వలేదు. సుక్కమ్మ చేతిలోని చెంబు లాక్కున్నాడు. ఇది కూడా మళ్ళీ లోపలికే పోతుందనుకుంది గ్లోరీ. ఆయన చెంబులోకి భూతద్దం పెట్టి, అటూ ఇటూ తిప్పి చూశాడు.

"పురుగేం లేదు. తాగు," అని ఆమె చేతికిచ్చాడు.

గ్లోరీ చెంబు దించకుండా తాగింది.

తాళంచెవికి సారు కాలేజీ సీసాలకు అంటించినట్టే చీటీ అంటించాడు. "ముందుగది — గ్లోరీ" అని. ఇంటిపేరు రాసే చోట గీత మాత్రం గీసి వదిలేశాడు. తాళం మూడుసార్లు వేయించి, మూడుసార్లు తీయించి గానీ చెవి ఆమె చేతిలో పెట్టలేదు.

ఆదివారం ప్రార్థన అయ్యాక గ్లోరీ దుకాణం తెరిచింది. వరసలో అందరికంటే ముందు ఐలేశం సారు. ఆయన వెనక, స్టీలు డబ్బా పట్టుకుని, ఎటో చూస్తూ పోచయ్య. భూతద్దం బయటికొచ్చింది.

"దీని ఇంటిపేరేంది?"

"చన్నా సారూ," అంది గ్లోరీ తలెత్తకుండా.

"సొంతపేరు?"

"స్ట్రయేటా."

ఐలేశం సారు ఒక కన్ను మూసి, ఆమెను చాలాసేపు చూశాడు.

"అడగంగనే గింత బిరాన చెప్పినవంటే ఏదో అనుమానమే," అని మళ్ళీ చేప మీదికి వంగాడు.